గరాజ్‌లో ఉడికిన పంది మాంసం

ఆ ఆదివారం మధ్యాహ్నం, ఆస్ట్రేలియాలో పెర్త్ శివారు హారిస్‌డేల్‌లో మేముండే ఇంటి వెనక వసారాలో ఉన్నది ఎనిమిది మందిమి. ఇల్లు తన పేరుమీద అద్దెకు తీసుకుని, అందులో రెండు గదులు మళ్ళీ అద్దెకిచ్చిన ఆయన, మేం అన్నయ్య అని పిలుస్తాం. ఆయన భార్య, అంటే మాకు వదిన. ఒక గదిలో ఉండే కరీంనగర్ కుర్రాడు. రెండో గదిలో ఉండే నేను. అన్నయ్యకి ఆఫీసులో మేనేజరు, ఆ మేనేజరు భార్య. ఇద్దరూ ఇక్కడి తెల్లవాళ్ళు. పెర్త్ వచ్చి ముప్పై ఏళ్ళు దాటిన డాక్టర్ అంకుల్, ఆయన భార్య ఆంటీ.

ఉన్న వస్తువులు: పులిహోర, పనీర్ కూర, మటన్ వేపుడు, పెరుగు పచ్చడి, కాగితం ప్లేట్లు, ఐస్‌పెట్టె నిండా బీరు సీసాలు, పట్టకార్లు రెండు, వాటిలో ఒకదానికి ఎర్ర టేపు. ఇవన్నీ పెద్ద బల్ల మీద, ఎర్ర టేపు పట్టకారు తప్ప. అది నాలుగడుగుల దూరంలో, క్యాంపింగ్‌కని కొని ఒక్కసారి కూడా క్యాంపింగ్‌కి తీసుకెళ్ళని మడత బల్ల మీద ఉంది. దాని పక్కన ఒంటరిగా ఆరు లీటర్ల స్లో కుక్కర్. అందులో తీపి కారం పంది మాంసం. వండింది నేను. వండమన్నది అన్నయ్య.

ఎందుకు వండమన్నాడో చెప్పాలంటే కొత్త ఇంటి సంగతి చెప్పాలి. అన్నయ్యా వదినా పియారా వాటర్స్‌లో ఇల్లు కట్టించారు. పాలు పొంగించడం అయిపోయింది, తలుపులకి రంగు ఆరడమే తరువాయి. అందులో రెండు గదులు మా ఇద్దరికీ ఇస్తామని ఆయన ఏడాదిగా అంటున్నాడు. “మీరిద్దరూ మాతోపాటే తమ్ముడూ. మీరు మాకు ఫ్యామిలీ లాంటివాళ్ళు.” ఆ రోజుల్లో పెర్త్‌లో అద్దె గది దొరకడం ఎలా ఉండేదంటే, ఒక గది చూడ్డానికి వెళితే ఇంటి బయట లైను వీధి మలుపు తిరిగేది. లైనులో నా ముందు భార్యాభర్తలొకరు, చంకలో పిల్ల, చేతిలో జీతం కాగితాలు. కాబట్టి ఆ కొత్త గది నాకు చిన్న విషయం కాదు. నా ఆఫీసుకి పావుగంట. కిటికీలోంచి చూస్తే ఎదురింటి గోడ తప్ప ఏమీ కనిపించదు, అయినా నాకది చాలు. ఆ గది కోసం నేను అన్నయ్య చెప్పిన ప్రతి పనీ చేశాను. వైఫై పెట్టాను, గరాజ్‌లో షెల్ఫులు బిగించాను, ఆయన రెజ్యూమేలో లేని అనుభవాన్ని వ్యాకరణం తప్పు లేకుండా రాసిపెట్టాను.

ఇంతలో మేనేజరుని భోజనానికి పిలవాల్సిన అవసరం వచ్చింది. ఆయన తలుచుకుంటే అన్నయ్య టీమ్ లీడ్ అవుతాడు. ఆయనకేమో నిదానంగా ఉడికి పోగుల్లా విడిపోయే పంది మాంసం ఇష్టం. ఈ సంగతి అన్నయ్యకి ఎలా తెలుసంటే, శుక్రవారం శుక్రవారం ఇద్దరూ కలిసి ఆఫీసు కింద కెఫేలో బేకన్ ఎగ్ రోల్ తింటారు కాబట్టి. బేకన్ దేంతో చేస్తారో అన్నయ్యకి తెలుసు. దాన్ని ఆయన ఆఫీసు పని కింద లెక్కేసుకున్నాడు.

“నీ దగ్గర ఆ కుక్కర్ ఉంది కదా తమ్ముడూ. స్వీట్ అండ్ స్పైసీ పోర్క్ చేసెయ్. మనవాళ్ళ టచ్ ఉండాలి, కానీ మరీ మన వంటలా ఉండకూడదు.”

నేను చదివింది ఇన్‌స్ట్రుమెంటేషన్. ఖనిజాల కర్మాగారంలో తొట్లలోని వేడి, ఒత్తిడి, మట్టం చెప్పినచోట ఉంటున్నాయో లేదో చూడటం నా ఉద్యోగం. అందుకని స్లో కుక్కర్ మీద నాకు గౌరవం. పింగాణీ గిన్నె, చుట్టూ సన్నటి సెగ, పైన గాజు మూత. కదిలించకుండా వదిలేస్తే పొద్దున పెట్టింది మధ్యాహ్నానికి దానంతట అది ఉడుకుతుంది. దానికి కావలసింది ఒక్కటే: ఎవరూ మూత తియ్యకపోవడం. తెలుగువాళ్ళ మధ్య అది సాధ్యం కాదు. విజిల్ వెయ్యని పాత్ర పని చేస్తోందంటే మనవాళ్ళు నమ్మరు.

“ఎన్ని విజిల్స్?” అని వదిన అడిగింది.

“రావు వదినా.”

“అసలు రావా?”

“రావు.”

“మరి ఉడికిందని ఎట్లా తెలుస్తుంది?”

“టైముకి ఉడికిపోతుంది.”

“టైముకి నేను ఇక్కడి బస్సునే నమ్మను,” అనేసి వెళ్ళిపోయింది.

అసలు చర్చ ఎక్కడ వండాలన్నది. వదిన మొదటే చెప్పేసింది: “నా వంటింట్లో కోడి, మేక, చేప, రొయ్య. అక్కడితో గీత గీశాను.” గీత అక్కడే ఎందుకు గీశారని నేను అడగలేదు. గది కావాలి కదా. అన్నయ్య గరాజ్ అన్నాడు.

“గరాజ్ ఇంట్లో భాగమే కదండీ,” అంది వదిన.

“ఎట్లా భాగం? కారు పెడతాం కదా. ఇంట్లో ఎవరైనా కారు పెడతారా?”

“ఒకే కప్పు కింద ఉంది.”

“కప్పు లెక్క కాదు, గడప లెక్క. గరాజ్‌కి గడప లేదు.”

“లోపలికి తలుపుందిగా.”

“తలుపు వేరు, గడప వేరు. మీ నాన్నగారిని అడుగు కావాలంటే.”

ఇద్దరూ ఐటీ. ఆయన డేటాబేస్‌లు చూస్తాడు, ఆవిడ సాఫ్ట్‌వేర్ టెస్టింగ్. ఈ వాదన రెండు సాయంత్రాలు నడిచింది. చివరికి గడప లేదన్న కారణంగా గరాజ్ ఇంటి బయట అని తేలింది. షరతులు: కొత్త పట్టకారు, కొత్త చాకు, కొత్త కోతబల్ల, గిన్నెలు తోమే పీచు కూడా కొత్తది. పట్టకారుకి వదినే ఎర్ర టేపు చుట్టింది, పొరపాటున కలిసిపోకుండా. మాంసం ముందుగా కాస్త కాల్చాలంటే పొయ్యి కావాలి; పొయ్యి వంటింట్లో ఉంది. దానికి పెరట్లో బార్బీ, అంటే బార్బెక్యూ పొయ్యి, వాడుకోవచ్చన్నారు. ఆ బార్బీ మీద ఏడాది పొడుగునా మేం సూపర్‌మార్కెట్ సాసేజ్‌లు కాల్చి తిన్నాం. ప్యాకెట్ వెనక ఏం రాసుందో ఆ ఇంట్లో ఎవ్వరూ ఎప్పుడూ తిప్పి చూడలేదు. అంత చదువుకున్నవాళ్ళు చదవని అక్షరాలు అవొక్కటే.

ముందురోజు అమ్మకి ఫోన్ చేశాను. మా ఊరు ఒంగోలు దగ్గర. అమ్మ స్కూలు టీచరు. ఆదివారం మా ఇంట్లో పంది మాంసం ఉంటుంది, ఎప్పటినుంచో. నాకు తెలిసిన పంది మాంసం కూర అదొక్కటే. ఇంటర్నెట్‌లో స్లో కుక్కర్ వంటలు పది చదివాను. పదింటిలోనూ చక్కెర, సాస్, సీసాలో దొరికే పొగ వాసన.

“నీళ్ళు పొయ్యమాకరా,” అంది అమ్మ. “దాని కొవ్వే దానికి నీళ్ళు. చింతపండు ముందెయ్యి, బెల్లం చివర్లో. ముందే వేస్తే అడుగంటుద్ది.”

“ఇది అడుగంటదమ్మా. సెగ తక్కువ.”

“ఏ కుండైనా అంటుద్ది. ఎవరికిరా ఇంత వండుతున్నావు?”

“ఇక్కడ మనవాళ్ళకి.”

“మనవాళ్ళంటే?”

నేను సిగ్నల్ సరిగా లేదన్నాను.

ఈ ‘మనవాళ్ళంటే’ గురించి చెప్పాలి. రెండేళ్ళు ఆ ఇంట్లో ఉన్నాను. నన్ను నా కులం ఏమిటని ఎవరూ అడగలేదు. చదువుకున్నవాళ్ళు అలా అడగరు. కర్మాగారంలో తొట్టి లోపలికి తొంగిచూడలేనప్పుడు అడుగున ఒత్తిడి కొలిచి పైన మట్టం ఎంతో లెక్కకడతాం. దాన్ని పరోక్ష కొలత అంటాం. కులాన్ని మనవాళ్ళు ఆ పద్ధతిలోనే కొలుస్తారు. మీ ఇల్లు ఊళ్ళో ఎటువైపు? పొలాలున్నాయా? మీ నాన్నగారు ఏ కాలేజీ? రిజర్వేషన్ల మీద నీ అభిప్రాయం ఏంటి? నా ఇంటిపేరు వాళ్ళకి ఉపయోగపడలేదు, అది మూడు నాలుగు కులాల్లో ఉంది. నాన్న ఇంజనీరింగ్ కాలేజీలో ల్యాబ్ అసిస్టెంట్ అంటే, ‘కాలేజీలో పనిచేస్తారట’ అని రాసుకున్నారు. మిగతా అంకెలు అటూ ఇటూ ఊగుతూ ఉండేవి. నేను ఒక్క అబద్ధం చెప్పలేదు. అడగని ప్రశ్నకి జవాబివ్వలేదు, అంతే. వాళ్ళు కొలుస్తూనే ఉన్నారు, నేను గది అద్దె కడుతూనే ఉన్నాను.

ఈ పరోక్ష కొలతల్లో పంది మాంసం చాలా నమ్మకమైన పరికరం. దాన్ని ఆస్ట్రేలియాకి వచ్చాక తినడం నేర్చుకుంటే మనిషి ఆధునికుడు. ఇంట్లో అమ్మ వండగా తిని పెరిగితే సంగతి వేరు. ఇక ఊళ్ళో ఇల్లు ఎటువైపో అడగక్కర్లేదు. ఒకే మాంసం, ఒకే నోరు. ఎప్పుడు మొదలైందన్నదే ప్రశ్న. కాబట్టి వంట వరకు ప్రమాదం లేదు. ఎక్కడ నేర్చుకున్నావని ఎవరైనా అడిగితేనే.

ఆదివారం పొద్దున్నే బార్బీ మీద మాంసం నాలుగువైపులా కాల్చాను. భుజం ముక్క, ఎముకతో సహా. ఎండుమిర్చి, మిరియాలు, ధనియాలు, వెల్లుల్లి దంచి పట్టించాను. చింతపండు గుజ్జు, కాస్త సోయా సాస్. నీళ్ళు లేవు. గరాజ్‌లో కారుకీ వాషింగ్ మెషీన్‌కీ మధ్య కుక్కర్ పెట్టి, స్విచ్ వేసి, మూత మీద చీటీ అంటించాను: ‘తియ్యవద్దు’.

మొదట తీసింది అన్నయ్య. “ఊరికే చూశా తమ్ముడూ.” రెండోసారి కరీంనగర్ కుర్రాడు. “వాసనొస్తలేదేంది అని చూసిన.” మూడోసారి మళ్ళీ అన్నయ్య, పక్కింటి పంజాబీ ఆయనకి చూపించడానికి. మూత తీసిన ప్రతిసారీ లోపలి వేడి పోయి, మళ్ళీ పుంజుకోవడానికి అరగంట పడుతుంది. ఈ మాట చెప్పాను. “అవునా?” అని అన్నయ్య మూత తీసి చూశాడు, వేడి నిజంగా పోతోందా అని.

అంతకంటే పెద్ద పొరపాటు ఒకటి జరిగింది. దాన్ని ఇంజనీర్లు ముగ్గురున్న ఇంట్లో ఎవరూ ముందుగా పట్టుకోలేదు. ఇక్కడి ఇళ్ళలో పూజగది ఉండదు. దుప్పట్లూ తువ్వాళ్ళూ పెట్టుకోమని నడవాలో ఒక అలమర కడతారు. తెలుగువాళ్ళు ఎక్కడ చేరినా ముందుగా ఆ అలమర ఖాళీచేసి దేవుణ్ణి పెడతారు. మా ఇంట్లో ఆ అలమర గరాజ్ తలుపుకి ఆనుకుని ఉంది. ఆ తలుపు కింద వేలు దూరేంత సందు. వంటిల్లు ఇంటి ఆ చివర ఎక్కడో ఉంది. అంటే వంటింటికి వాసన తగలకూడదని కుక్కర్‌ని అక్కణ్ణించి ఎంత దూరం జరపగలమో అంతా జరిపి, సరిగ్గా దేవుడి పక్కన పెట్టాం.

పదింటికి వదిన స్నానం చేసి, దీపం వెలిగిద్దామని అలమర తలుపు తీసింది. ఇల్లంతటికీ వినబడేలా అన్నయ్యని పిలిచింది. ఆవిడ అన్నయ్యని పూర్తి పేరుతో పిలవడం అదే మొదటిసారి విన్నాను.

“గడప లేదన్నారుగా! గడప లేకపోతే వాసన ఆగుతుందా?”

“వెంటిలేషన్ సంగతి నేను ఆలోచించలేదే.”

“వెంకటేశ్వరస్వామి పటం ముందు పంది వాసన!”

“వరాహస్వామి గూడ ఆయన పక్కనే ఉంటడు గద వదినా,” అన్నాడు కరీంనగర్ కుర్రాడు, సాయం చేద్దామని. “కొండ మీద ముందుగాల దర్శనం ఆయనదే.”

వదిన వాడివైపు చూసిన చూపుకి ఏ కుక్కరూ అక్కర్లేదు, మాంసం దానంతట అదే ఉడుకుతుంది. వాడు చెప్పింది శాస్త్రప్రకారం తప్పు కాదు. అందుకే ఎక్కువ కోపం వచ్చింది.

స్విచ్ తీసి, అన్నయ్యా నేనూ చెరోవైపు పట్టుకుని, గరాజ్ పెద్ద తలుపులోంచి బయటికి, ఇంటి పక్క సందులోంచి, చెత్త డబ్బాల మీదుగా వెనక వసారాలోకి మోశాం. ఇంట్లోంచి వెళ్ళకూడదు. ఎక్స్‌టెన్షన్ తీగ కిటికీలోంచి వేశాం. కరెంటు మాత్రం వంటింటి సాకెట్‌దే. కరెంటుకి మైల ఉంటుందా అన్న చర్చ రాకుండా కరీంనగర్ కుర్రాడి నోరు మూయించాను.

పన్నెండున్నరకి అందరూ వచ్చారు. నేను ఎముక పట్టుకుని లాగితే శుభ్రంగా ఊడి వచ్చింది. ఫోర్కులతో మాంసం పోగులు విడదీసి, బెల్లం పాకం పట్టి కలిపాను. వాసన గురించి నేను చెప్పడం బాగుండదు. డాక్టర్ అంకుల్ పలకరింపులు మధ్యలో ఆపేసి మడత బల్ల దగ్గరికి నడిచాడని మాత్రం చెబుతాను.

“లీన్ ప్రోటీన్,” అన్నాడాయన, కొవ్వు మెరుస్తున్న ముక్కని చూస్తూ. ఆయన గుండె డాక్టరు.

“మీరు తింటారా అంకుల్?” అంది వదిన.

“ఇక్కడ అందరూ తింటారమ్మా. వెన్ ఇన్ పెర్త్!”

ఆంటీ కూడా కొంచెం వడ్డించుకుంది, రుచి చూడ్డానికి. తర్వాత ఇంకొంచెం, మొదటిసారి రుచి సరిగా తెలియలేదని. అన్నయ్య మేనేజరు పక్కన కూర్చుని ఆయన ఎంత తింటే అంత తిన్నాడు. వదిన మాత్రం పులిహోర, పనీర్ దగ్గరే ఉంది. అది ఆవిడ నియమం, దాంతో నాకు పేచీ లేదు.

మధ్యలో ఒక సంగతి జరిగింది. మేనేజరు భార్య మనిషి మంచిది, కలుపుగోలుది. ఎర్ర టేపు పట్టకారుతో పంది మాంసం వడ్డించుకుని, అదే పట్టకారు చేత్తో పట్టుకుని పెద్ద బల్ల దగ్గరికి వచ్చి, పులిహోరలో ముంచి, చక్కగా రెండుసార్లు వడ్డించుకుంది. పసుపు అన్నంలో ఎర్రటి జిడ్డు గీత పడింది. తెలుగువాళ్ళం ఆరుగురం చూశాం.

“అయ్యో, ఇది దీనికి వాడకూడదా?” అందావిడ, మా ముఖాలు చూసి.

“నో నో, నో వర్రీస్!” అంది వదిన. నవ్వింది కూడా. ఆ గీతకి అటువైపు నుంచి తన ప్లేటులోకి పులిహోర పెట్టుకుని తిన్నది. ఆంటీ కూడా తిన్నది. రెండు సాయంత్రాల చర్చ, గడప, కొత్త పీచు, అన్నీ ఒక్క నో వర్రీస్‌తో కడుక్కుపోయాయి. ఫర్లేదు, లోకం ఇలా కూడా ఉండొచ్చు అనుకున్నాను. అదే నా కొలతలో పొరపాటు.

ఆంటీ మూడోసారి వడ్డించుకుంటూ నావైపు తిరిగింది. “నాయనా, అద్భుతంగా చేశావు. ఇంత చక్కగా ఎక్కడ నేర్చుకున్నావు? ఇక్కడికొచ్చాకే కదా?”

ఆ చివర్లో ఉన్న ‘కదా’ నా కోసం తీసి ఉంచిన తలుపు. ఔనంటే చాలు. నేను నోరు తెరిచేలోగా అన్నయ్యే అందుకున్నాడు.

“అంతా యూట్యూబ్ ఆంటీ! ఈ పిల్లలకి అమ్మా నాన్నా గురువూ అన్నీ యూట్యూబే. ఎవడో అమెరికావాడి రెసిపీ చూసి చేసేశాడు. ఏం తమ్ముడూ?”

నిజం చెప్పాలంటే నేను ధైర్యం చెయ్యలేదు. ధైర్యం చేసేవాణ్ణయితే రెండేళ్ళ ముందే చేసేవాణ్ణి. గది గుర్తుంది, వీధి మలుపు తిరిగిన లైను గుర్తుంది. కానీ నీళ్ళు పొయ్యమాకన్నది మా అమ్మ. బెల్లం చివర్లో వెయ్యమన్నది మా అమ్మ. ఆ పేరు తీసుకెళ్ళి ఎవడో అమెరికావాడికి ఇస్తుంటే చిరాకేసింది. మేం ఆఫీసులో ఒక డ్రాయింగ్ వాడుకున్నా గీసినవాళ్ళ పేరు మూలన రాస్తాం.

“కాదాంటీ,” అన్నాను. “మా అమ్మ చేస్తుంది. మా ఇంట్లో ఆదివారం ఆదివారం ఇదే.”

ఆంటీ చేతిలో పట్టకారు గిన్నెకీ ప్లేటుకీ మధ్య ఆగింది. అంకుల్ నమలడం ఆపాడు. నోట్లో ఉన్నదాన్ని ఏం చెయ్యాలో ముప్పై ఏళ్ళ వైద్యం ఆయనకి చెప్పలేదు. వదిన నావైపు చూడలేదు, అన్నయ్యవైపు చూసింది. అన్నయ్య బీరు సీసా మీది కాగితం చదువుతున్నాడు. రెండేళ్ళుగా ఊగుతున్న ముల్లు ఒకచోట నిలబడింది. ఆ నిలబడటం నాకు చెవులకి వినిపించింది.

మేనేజరుకి అర్థం కాలేదు. “ఏమన్నాడు?” అని అడిగాడు.

ఎవరూ చెప్పకపోతే నేనే ఇంగ్లీషులో చెప్పాను: ఇది మా అమ్మ వంట.

“మీ అమ్మదా! మేట్, మీ అమ్మ లెజెండ్!” అని ఆయన లేచి నిలబడ్డాడు. సీసా పైకెత్తాడు. “అందరూ ఎత్తండి. వాళ్ళ అమ్మకి!”

మేనేజరు నిలబడితే అన్నయ్య కూర్చోలేడు. ఆయన లేచాడు. ఆయన లేస్తే వదిన లేచింది, అల్లం సోడాతో. అంకుల్ నోట్లోది గబుక్కున మింగి లేచాడు. ఆంటీ నీళ్ళ గ్లాసు ఎత్తింది. ఒంగోలులో ఆ టైముకి మా అమ్మ ఏడో తరగతి పేపర్లు దిద్దుకుంటూ ఉండి ఉంటుంది. ఇక్కడ హారిస్‌డేల్‌లో ఇంతమంది నిలబడి, సీసాలెత్తి, ఆవిడ పంది మాంసానికి జేజేలు కొట్టారు. ఆ ముఖాలు ఫొటో తియ్యనందుకు ఇప్పటికీ బాధే.

నాకు సాయం చేద్దామనుకున్నాడో, నిజంగానే పోటీ అనుకున్నాడో తెలియదు, కరీంనగర్ కుర్రాడు నోటినిండా పెట్టుకుని అందుకున్నాడు: “అమ్మమ్మది తినాలె అన్నా మీరు. మా అమ్మమ్మ చేస్తే ఇంతకన్న మస్తుంటది. ఉప్పుగల్లు, పచ్చిమిర్చి, అంతే. ఇట్ల బెల్లం గిల్లం ఏం వెయ్యదు.”

వాడి గురించి వాళ్ళు రెండేళ్ళుగా వేరే లెక్క వేసుకున్నారు. వాడి పేరు చివర ‘రావు’ అని ఉండటమే దానికి ఆధారం. వదిన మెల్లగా కూర్చుంది.

ఆ తర్వాత మాటలు మళ్ళీ మొదలయ్యాయి, వాతావరణం మీద. ఆంటీ ప్లేటు పక్కన పెట్టి, కడుపులో ఎలాగో ఉందంది. “పులిహోరలో నూనె ఎక్కువైందేమో,” అన్నాడు అంకుల్. మేనేజరూ ఆయన భార్యా ఇంకోసారి వడ్డించుకుని, మిగిలింది డబ్బాలో పెట్టించుకుని, మా అమ్మకి ప్రత్యేకంగా థాంక్స్ చెప్పమని వెళ్ళారు. అన్నయ్య తర్వాత టీమ్ లీడ్ అయ్యాడు. అది కూడా మా అమ్మ ఖాతాలోనే వెయ్యాలి, ఆవిడ వేసుకోదు.

సాయంత్రం గరాజ్‌లో కుక్కర్ కడుగుతుంటే అన్నయ్య వచ్చాడు. వాషింగ్ మెషీన్‌కి ఆనుకుని నిలబడ్డాడు.

“తమ్ముడూ, నాకు ఇలాంటివేం పట్టింపుల్లేవు. నీకు తెలుసు.”

“ఇలాంటివంటే అన్నయ్యా?”

“అదే. మీ వదినకీ లేవు. మా కాలేజీలో నా రూమ్మేట్ కూడా మీ... చాలా మంచివాడు.”

“ఊఁ.”

“యూట్యూబ్ అని నేనే అన్నాను కదా. ఊఁ అంటే పోయేది కదా.”

అందులో కోపం లేదు, నిజమైన బాధ ఉంది. ఆయన నాకు చేతనైన సాయం చేశాడు, నేను అందుకోలేదు. ఆయన లెక్కలో తప్పు నాది.

“గది సంగతి?” అన్నాను. అడగకపోతే ఆయన తెల్లారేదాకా వాషింగ్ మెషీన్‌కి ఆనుకునే ఉండేలా ఉన్నాడు.

“గది... దాంట్లో వాస్తు ప్రాబ్లం వచ్చింది తమ్ముడూ. ఆ మూల అద్దెకివ్వకూడదట.”

ఆ వారం మధ్యలో వాస్తు సర్దుకుంది. అప్పుడు ఆ గది వదిన ఆఫీసు గది అయింది. ఆ పై వారం హోమ్ థియేటర్ అయింది. కరీంనగర్ కుర్రాడి గది వెంటనే జిమ్ అయింది. అన్నయ్య బరువులు ఎత్తడం నేనెప్పుడూ చూడలేదు. కుక్కర్ మోసేటప్పుడు కూడా తన వైపు కిందకే పెట్టాడు.

మేమిద్దరం ఊరికి ఉత్తరాన, రైలు పట్టాల పక్కన ఒక యూనిట్‌లోకి, అంటే చిన్న ఫ్లాట్‌లోకి, మారాం. లైనులో నిలబడ్డాం, జీతం కాగితాలు చూపించాం. యజమాని ఒక వియత్నాం ముసలాయన. పరోక్షంగా ఏమీ అడగలేదు. కుక్కపిల్ల ఉందా, సిగరెట్లు తాగుతారా అని నేరుగా అడిగాడు. నాకు ఆఫీసు ఇప్పుడు గంటకి పైన. పొద్దున రైల్లో కూర్చుంటే ఆ పావుగంట దూరం గది గుర్తొచ్చి ఒళ్ళు మండుతుంది. అమ్మకి ఇల్లు మారామని చెప్పాను, ఎందుకో చెప్పలేదు. ఆవిడ అడగలేదు. “వాళ్ళకి కూర నచ్చిందా?” అంది. అందరూ లేచి నిలబడ్డారని చెప్పాను. అది నిజం.

పోయిన నెల పెర్త్ తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో అన్నయ్య ప్రకటన పెట్టాడు. ‘పియారా వాటర్స్‌లో కొత్త ఇంట్లో గదులు కలవు. ఫ్యామిలీ వాతావరణం. శాకాహారులకు ప్రాధాన్యం.’ మటన్ వేపుడు లేకుండా ఆదివారం గడవని ఇల్లు అది. హోమ్ థియేటరూ జిమ్మూ మళ్ళీ గదులు ఎప్పుడయ్యాయో రాయలేదు. కింద ఎవరెవరో అడిగారు, ఆయన వాళ్ళని మీరు ఏ ఊరు, ఊళ్ళో ఎటువైపు అని అడిగాడు. నిన్న అదే ప్రకటన నాలుగోసారి పెట్టాడు.

నిన్నటికి ఆ ఇంట్లో ఖాళీగా ఉన్న గదులు రెండు.